రూతమ్మ గారు కాల్చిన తూటాలు

మా గ్యారేజీలో చిన్న డ్రమ్ము తిరుగుతోంది. మొక్కజొన్న కండెల పొడిలో ఖాళీ ఇత్తడి తూటా గుల్లలు దొర్లి దొర్లి మెరుగెక్కుతున్నాయి. ఆ గలగల, ఆ పొడి వాసన తగిలితే చాలు, నాకు రూతమ్మ గారు గుర్తొస్తారు. గుంటూరు నుంచి అమెరికా వచ్చి, ఈ బెంటన్‌విల్‌లో నర్సుగా చేసి రిటైరైన మనిషి; మా పక్కింటావిడ. తెలుగు చర్చిలో పాట అందుకునేదీ ఆమే, చలికాలం జింకల వేటకు వెళ్ళేదీ ఆమే. తన రైఫిల్‌కు తూటాలు కొనేవారు కాదు. కాల్చిన గుల్లను సాపుచేసి, అడుగున నిప్పు పుట్టించే కొత్త ప్రైమర్ కూర్చి, తుపాకి మందు తూచి పోసి, పైన సీసపు బులెట్ బిగించి, సొంతంగా తయారు చేసుకునేవారు. మోటారు షెడ్డులో పనిచేసే నాకు ఆ విద్య నేర్పింది ఆమే.

బుజ్జగించి నేర్పలేదు. బల్ల మీద ఒకే మందు డబ్బా ఉండాలి. మందు పోసేటప్పుడు మాట్లాడకూడదు. ఒకసారి మధ్యలో ఫోనొస్తే రెండు మాటలు మాట్లాడాను. ఆమె వచ్చి, అప్పటిదాకా నింపినవన్నీ తిరిగి డబ్బాలోకి వంచేశారు. నాకు ఒళ్ళు మండింది. అన్నింట్లో సమానంగానే ఉందక్కా అన్నాను.

"ఉందని నీకు తెలుసా, అనుకుంటున్నావా తమ్ముడూ?"

మళ్ళీ మొదలుపెట్టాను. ఆ తరువాత ఇంజను విప్పినా, ఇన్సూరెన్స్ కాగితం చదివినా, ఆ ప్రశ్న వేసుకునే ముందుకెళ్ళాను. ఏ కాలేజీలోనూ అది నేర్పరు. నేర్పితే లోకం ఇలా తగలడేది కాదు.

ఇంత నేర్పి, నేను చేసిన తూటా ఒక్కటి కూడా ఆమె కాల్చలేదు. ఏళ్ళు గడిచాయి. చివరికి ఉండబట్టలేక అడిగేశాను.

"ఇంకొకళ్ళు చేసింది నేను కాల్చను. మా అన్న చేసినా అంతే. పేలేది నా చెంప పక్కన కదయ్యా."

న్యాయమే. అయినా మింగుడు పడలేదు.

తరువాత కీళ్ళవాతంతో ఆమె వేళ్ళు వంకరపోయాయి. ఆవగింజంత ప్రైమర్ పట్టుకోవడం చేతకాలేదు. రైఫిల్ క్లబ్‌లో పెద్దవాళ్ళ పోటీ నాటికి ఆమె తూటాలు అయిపోయాయి. క్లబ్ కార్యదర్శి, మర్యాదస్థుడే, కొట్లో కొన్న పెట్టె ఒకటి ఆమె ముందు పెట్టాడు. ఫ్యాక్టరీ సరుకు, భయం లేదన్నాడు. నావైపు చూసి, గ్యారేజీలో కూరినవాటిని ఎవరు నమ్ముతారని నవ్వాడు. నేను నోరు తెరిచేలోపే ఆమె ఆ పెట్టె పక్కకు తోసి, నాకు చెయ్యి చాచారు.

"నీవి ఇలా ఇవ్వు."

మా ఇద్దరివీ ఒకే రకం రైఫిళ్ళు. అయినా నావి ఇస్తూ, ఒక్కటైనా విప్పి, తూచి చూసుకోమన్నాను.

"నువ్వు తూచావుగా."

రైఫిల్ నింపుకుని చెంప ఆనించారు. కాల్చడం అయ్యాక గురి కాగితం తెచ్చి చూస్తే, చిల్లులన్నీ ఒక పావు డాలరు బిళ్ళ కింద దాగేంత దగ్గరగా పడ్డాయి. మొదటి బహుమతి ఆమెదే. కార్యదర్శి ఆ కాగితాన్ని తిప్పి తిప్పి చూసి, ఎలా చేశారని ఆమెను అడిగాడు. మా తమ్ముణ్ణి అడుగు అన్నారు. గ్యారేజీకి రమ్మన్నాను. వచ్చాడు. ఫోన్ బయట పెట్టి రమ్మన్నాను, పెట్టే వచ్చాడు.

ఆమె ఇప్పుడు లేరు. ఆరో తరగతితో ఆగిపోయానని నన్ను చూసి జాలిపడేవాళ్ళు మాత్రం ఇంకా ఉన్నారు. పడనివ్వండి. రూతమ్మ గారు నా తూటా కాల్చారు.