గోంగూర అని రాసిన చెయ్యి

నూనెలో గోంగూర మగ్గుతూ పుల్లని వాసన వస్తే అందరికీ అమ్మ గుర్తుకొస్తుందంటారు. నాకు ఎర్లీన్ గుర్తుకొస్తుంది. ఆమె నల్లజాతి చిత్రకారిణి, నా ఈడుది. అమెరికాలోని ఫార్మింగ్టన్ హిల్స్‌లో పదిమందీ కలిసి సాగుచేసే తోటలో మా ఇద్దరివీ పక్కపక్క మడులు. ఎర్లీన్ ఆకులను గుడ్డ మీద పరిచి సుత్తితో కొట్టేది. ఆకు రూపం, రంగు గుడ్డకు దిగేవి. వాటి మధ్య తన పూర్వికుల ముఖాలు గీసేది. ఇదంతా నాకు తరువాత తెలిసింది. ముందు నా కంటపడింది ఒక్కటే, పక్క మడిలో గోంగూర ముదిరిపోతోంది, కోసేవాళ్ళు లేరు.

నేనే కోశాను. మా పల్లెలో పక్కింటి గోంగూరకు ఎవరూ ఎవరినీ అడగరు. సంచి నిండాక తలెత్తితే ఎర్లీన్ నిలబడి ఉంది. ఆమె మాట సగమే అర్థమైంది గానీ ముఖం పూర్తిగా అర్థమైంది. మా అమ్మాయి సుజాతకు ఫోన్ చేసి ఆమెకిచ్చాను.

"అమ్మా, అవి ఎగ్జిబిషన్ కోసం పెంచుకున్నవట. మొత్తం దూసేశావట. ముందు సారీ చెప్పు."

"చెబుతాను. కొనలు గిల్లాను కాబట్టి రెండింతలు గుబురుగా వస్తాయని కూడా నువ్వు చెప్పు."

సుజాత చెప్పింది. ఎర్లీన్ నన్ను ఎగాదిగా చూసి ఏదో అంది.

"రాకపోతే నిన్నే గుడ్డ మీద పరిచి సుత్తితో కొడుతుందట" అంది సుజాత.

వచ్చాయి. ఒక గుడ్డకు అనుకున్న ఆకు రెండు గుడ్డలకు సరిపోయింది. ఒక ఆదివారం తన ఇంట్లో సుజాతను పక్కన కూర్చోబెట్టుకుని ఎర్లీన్ నాతో అంది, "మావాళ్ళను ఆఫ్రికా నుంచి కట్టి ఓడల్లో తెచ్చినప్పుడు ఈ మొక్క కూడా వచ్చింది. మావాళ్ళు దాన్ని పిలిచిన పేరు నాకు అందలేదు. మీ పేరు బతికే ఉంది కదా, మిస్ సూరమ్మా. ఈ రెండో గుడ్డ మీద నీ చేత్తో రాయి."

కళ్ళజోడు మర్చిపోయానన్నాను. ఈ దేశంలో ఎవరు కాగితం చాపినా నేను చెప్పేది అదే. ఎర్లీన్ తన జోడు తీసి నా ముక్కు మీద పెట్టింది. ఇక దారి లేక, నాకు రాయడం రాదు, వేలిముద్ర మనిషినని చెప్పాను.

జాలిపడుతుందనుకున్నాను. లోపలికి వెళ్ళి పటం కట్టిన పాత కాగితం తెచ్చింది. దాని మీద రెండు గీతలు, ఇంటూ గుర్తు. "మా ముత్తవ్వ సంతకం. ఆ రోజుల్లో మావాళ్ళకు అక్షరం నేర్పితే శిక్ష. నిన్నెవరు ఆపుతున్నారు?"

"ఇప్పుడైతే ఎవరూ లేరు."

"అయితే కూర్చో."

సుజాత రాసిచ్చిన ఆ ఒక్క మాటను మడిలో పుల్లతో నెలరోజులు దిద్దాను. ఎర్లీన్ కూడా పక్కనే దిద్దేది. ఆమెదే అందంగా వచ్చేది, నాకు ఒళ్ళు మండేది. గుడ్డ మీద రాసేనాడు సున్నా వంకరపోయింది. ఇంకో గుడ్డ ఇమ్మన్నాను.

"ఇవ్వను. వంకరగా ఉంది కాబట్టే అది నీది" అంది.

ఎగ్జిబిషన్‌లో తెలుగు డాక్టరు గారొకరు ఆ గుడ్డ ముందు ఆగి, పైకి చదివి, "ఇదెవరు రాశారు?" అని అడిగారు. ఎర్లీన్ నా వీపు మీద చెయ్యేసి ముందుకు నెట్టింది.

"నేనే" అన్నాను.

ఎర్లీన్ ఇప్పుడు లేదు. ఆ గుడ్డ మా ఇంటి గోడ మీద ఉంది. మిగతా అక్షరాలన్నీ ఆ తరువాత నేర్చుకున్నవే, ఇదీ నేనే రాస్తున్నాను. కళ్ళజోడు మళ్ళీ ఎక్కడా మర్చిపోలేదు.