చార్టు మీది పిల్లలకోడి

నా చిన్నప్పుడు కర్ణాటకలోని మా తెలుగు ఊరు చాకవేలులో కార్తీకం వస్తే మా అవ్వ రెండు కోళ్ళను చూసుకునేది... ఒకటి నేల మీద, ఒకటి ఆకాశంలో.

దీపాలు పెట్టే వేళకి పెరట్లోని కోడినీ దాని పిల్లల్నీ గంప కింద మూసి, పైన రాయి పెట్టేది. నడుము నిలబెట్టుకుంటూ తూర్పుకి చూసేది. చింతచెట్టుకి పైన పిడికెడు చుక్కలు ఒకదాన్నొకటి ఆనుకుని కనిపించేవి.

"అద్దో, పిల్లలకోడి లేచింది. కిందదాన్ని మూస్తే పైది బయటికొస్తాది" అనేది.

నేను వేలెత్తి లెక్కపెట్టబోయేదాన్ని. ఆ వేలి మీద చిన్న దెబ్బ పడేది.

"పిల్లల్ని లెక్కపెట్టగూడదు పాపా. దిష్టి తగల్తాది."

"చుక్కలకి కూడానా అవ్వా?"

"యాడున్నా పిల్లలే కదా. ఊరికే చూడు."

అవ్వ లోపలికి వెళ్ళాక లెక్కపెట్టేదాన్ని. ఆరు. ఒక్కోసారి ఏడు. కళ్ళు నులుముకుంటే మళ్ళీ ఆరు...

నేను ఏడో తరగతిలో ఉండగా, బాగేపల్లిలోని మా కాన్వెంటులో సైన్స్ ఎగ్జిబిషన్ పెట్టారు. గెలిచిన చార్టో మోడలో పై పోటీకి చిక్కబళ్ళాపురం వెళ్తుంది. చేసినవాళ్ళూ వెళ్తారు. నేను క్లాసులో చెయ్యి ఎత్తని పిల్లను. లేచి మాట్లాడమంటే గొంతు లోపలికి పోయేది. కానీ లైబ్రరీలోని నక్షత్రాల పుస్తకాన్ని అట్ట ఊడేదాకా చదివాను. అందుకే అవ్వ చూపించిన ఆ చుక్కల గుంపు మీదే చార్టు చేశాను.

అందులో అంతా రాశాను. మన కంటికి ఆరో ఏడో కనిపించే చోట, ఆకాశం వైపు దుర్భిణి తిప్పిన ఇటలీ పండితుడికి ముప్పైకి పైగా కనిపించాయని... తోకచుక్కల కోసం వెతికే ఒక ఫ్రెంచి ఆయన, తోకచుక్కలు కానివాటిని రాసి పక్కన పెట్టుకున్న పట్టీలో ఈ గుంపు కూడా చేరిందని... ఇప్పటి దుర్భిణులకి వెయ్యికి పైనే దొరికాయని, అవన్నీ ఒకే మబ్బులోంచి పుట్టి ఇంకా కలిసే తిరుగుతున్నాయని.

పైన పెద్దగా పేరు రాశాను. మాది ఇంగ్లీషు బడి కాబట్టి ఇంగ్లీషు అక్షరాల్లోనే... కానీ అవ్వ పెట్టిన పేరే. పిల్లల కోడి.

చార్టులు చూడటానికి వచ్చిన సార్‌ది కన్నడం. వంగి చదివారు.

"పిల్లల కొడి...? ఏను కొడి?"

కన్నడంలో 'ఏను' అంటే ఏమిటి అని, 'కొడి' అంటే ఇవ్వండి అని. ఇంగ్లీషు అక్షరాల్లో కొడికీ కోడికీ తేడా ఉండదు. మా క్లాసులో అందరికీ రెండు భాషలూ వచ్చు. నవ్వు ఒకేసారి లేచింది.

"ఎవురి పిల్లల్ని ఇయ్యమంటావే? మా తమ్ముడుండాడు, తీసుకోని పో" అంది పక్క బల్ల దగ్గరున్న శైలజ.

అయినా నోరు తెరిచాను.

"కొడి కాదు సార్. కోడి." ఆయనకి అందలేదు. కన్నడంలో చెప్పాను. "కోళి సార్."

"ఆకాశదల్లి కోళీనా?" అన్నారు. మళ్ళీ నవ్వులు.

ఆయన వెళ్ళాక సైన్స్ చెప్పే సిస్టర్ నన్ను పక్కకి పిలిచారు. నా చార్టు సార్‌కి బాగా నచ్చిందని చెప్పారు. ఒక తెల్ల కాగితం ముక్క, గమ్ము సీసా చేతిలో పెట్టి, ఆ గుంపుకి ఇంగ్లీషులో ఉన్న పేరు 'సెవెన్ సిస్టర్స్' అని రాసి, నేను పెట్టిన పేరు మీద అంటించమన్నారు. అంటిస్తే చిక్కబళ్ళాపురం వెళ్తాను. ఆవిడ మంచిదే. నా కోసమే చెప్పారు.

నాకు ఆ ప్రయాణం ఎంత కావాలో చెప్పలేను... బస్సులో కిటికీ పక్కన కూర్చోవడం దాకా ఊహించుకున్నాను.

"ఏడు కాదు కదా సిస్టర్" అన్నాను.

"ఏమిటి?"

"వెయ్యికి పైన ఉన్నాయని కింద నేనే రాశాను. పైన ఏడని ఎలా రాస్తాను? కోడికైతే లెక్క లేదు సిస్టర్. ఎన్ని పిల్లలైనా ఉండొచ్చు."

ఆవిడ చార్టు మీది పేరుని ఇంకోసారి చదివారు. "నీ ఇష్టం. కానీ ఇలాగే పంపలేను."

"సరే సిస్టర్."

గమ్ము సీసా మూత తియ్యకుండానే తిరిగిచ్చాను. ఆ ఏడాది మా బడి నుంచి చిక్కబళ్ళాపురానికి శైలజ చేసిన అగ్నిపర్వతం వెళ్ళింది... వంటసోడా పొంగించేది.

నేను చార్టు చుట్టి చంకలో పెట్టుకుని చాకవేలు బస్సెక్కాను.

"గెల్చినావా పాపా?" అంది అవ్వ.

"లేదవ్వా. పిల్లలకోడి పేరు మార్చమన్నారు. మార్చలేదు."

అవ్వకి చదువు రాదు. చార్టు మంచం మీద పరిచి, నేను పెన్నుతో పెట్టిన చుక్కల మీద చెయ్యి ఆడించింది.

"ఇన్ని పిల్లలుండాయా దానికి? ఎవురు లెక్కపెట్టినారు?"

"పెద్ద పెద్ద దుర్భిణులు పెట్టుకుని లెక్కపెడతానే ఉండారవ్వా. ఇంకా అయిపోలేదు."

"మరి దిష్టి ఎవురు తీస్తాండారు?"

నవ్వాను. ఆ రోజుకి అదే మొదటి నవ్వు.

బడి అయిపోయేదాకా నన్ను 'కోడి' అనే పిలిచారు. మొదట్లో ఏడ్చాను. తర్వాత పలకడం మొదలుపెట్టాను. పలికాక వాళ్ళకే విసుగొచ్చింది...

ఇప్పుడు చింతామణిలో ఉద్యోగం. వీధి లైట్లకి ఆకాశం వెలిసిపోయింది. మేడ మీద నుంచి చూస్తే ఆ చోట చిన్న మసక, అంతే. గంప కింద మూసే కోళ్ళూ తగ్గిపోయాయి, అన్నీ షెడ్లలోకి వెళ్ళాయి. మా అక్క కూతురు ఫోను పైకెత్తుతుంది, తెర మీద ఆ చుక్కల పేరు వచ్చేస్తుంది.

"చిన్నమ్మా, ప్లయడీస్ అంట."

"అది దాని ఆఫీసు పేరు. ఇంట్లో పిల్లలకోడి అంటారు" అంటాను.

ఆ చార్టు నా గది తలుపు వెనక ఇప్పటికీ ఉంది. దాని పేరు మీద ఏ కాగితమూ లేదు.

మీ ఇళ్ళలో ఆ చుక్కల గుంపుని ఏమని పిలిచేవాళ్ళు? మీ అవ్వనో జేజినో అడిగి కింద రాయండి... ఇంగ్లీషు పేరు నాకు తెలుసు. నేనడిగింది అది కాదు.