మూడుసార్లు సగమే ఎక్కిన ప్రోగ్రాము

భీమడోలు స్టేషను రోడ్డులోని జోగారావు డీటీపీ షాపులో, రెండువేల మూడులో, తెలుగు టైపు చేసే మనిషి రత్నకుమారి ఒక్కతే. శుభలేఖలు, చర్చి కరపత్రాలు, కొల్లేటి లంకలవాళ్ళ అర్జీలు అన్నీ ఆమె వేళ్ళ మీదుగా వెళ్ళినవే.

నేను తిరిగిన ఊళ్ళలో ఏ వడ్రంగీ తలుపు సగం బిగించి రైలుకు పరుగెత్తలేదు. పాత శాసనాల కింద చెక్కినవాడి పేరుంటుంది గాని, సగం చెక్కి పోయినవాడి పేరు నాకెక్కడా కనబడలేదు. కంప్యూటరు మెకానిక్కులకు ఆ హక్కు ఎవరిచ్చారో!

ఏలూరు నుంచి వచ్చే వెంకట్రాజు అలాంటివాడే. కొత్త తెలుగు ప్రోగ్రాము ఎక్కించడం మొదలుపెట్టేవాడు. సాయంత్రం ప్యాసింజరుకు వేళవగానే సీడీ లాగేసి, మెషిను ఆపేసి, "మిగతాది రేపండీ" అని వెళ్ళిపోయేవాడు. అలా మూడు రోజులు. దాంతో మెషిను మొండికేసింది. మళ్ళీ ఎక్కించబోతే 'ఇప్పటికే ఉంది' అంటుంది. తీసేయబోతే 'ఫైలు దొరకలేదు' అంటుంది. పాత ప్రోగ్రామూ తెరుచుకోదు.

"ఆవిడేదో నొక్కేశారండీ," అని వెంకట్రాజు చేతులు దులుపుకున్నాడు.

జోగారావు నమ్మేశాడు. శుభలేఖలవాళ్ళు కూర్చుని ఉండగానే అరిచాడు. "తెలియనివి ఎందుకు నొక్కుతావమ్మా? సోమవారానికి మెషిను పనిచెయ్యకపోతే నువ్వింక రానక్కర్లేదు."

ఆమె ఒళ్ళు మండిపోయింది. వట్లూరు కాలేజీ కంప్యూటరు ల్యాబులో పనిచేసే స్టెల్లాకు ఫోను చేసి, ఏమేం తుడవాలో కాగితం మీద రాసుకుంది. ఆదివారం ప్రార్థన అయ్యాక షాపు తెరిపించి కూర్చుంది. మెషిను తాత్కాలికంగా ఫైళ్ళు దాచుకునే టెంప్ ఫోల్డరులో మూడు సగం సగం ముక్కలు, పక్కన తేదీలు, వేళలు. మూడూ వెంకట్రాజు వచ్చిన రోజులవే, మూడూ ప్యాసింజరుకు పావుగంట ముందు ఆగిపోయినవే! తుడిచే ముందు ఆ జాబితా ప్రింటు తీసింది. ముక్కలు తీసేసి, ఎక్కిన ప్రోగ్రాముల పట్టీ లాంటి రిజిస్ట్రీలో మిగిలిన పేర్లు వెతికి తొలగించి, మెషిను మళ్ళీ వేసి, వెంకట్రాజు షాపులో వదిలిన సీడీ పెట్టింది. పూర్తయ్యేదాకా కుర్చీలోంచి లేవలేదు.

సోమవారం శుభలేఖలవాళ్ళు మళ్ళీ వచ్చి కూర్చున్నారు. తెరమీద తెలుగు అక్షరాలు చూసి జోగారావు నవ్వాడు. "పోనీలేమ్మా, అయిందేదో అయింది. పని చూడు."

"మొన్న అందరి ముందూ అన్నారు కదండీ. ఇదీ అందరి ముందే చదవండి," అంటూ ఆ ప్రింటు కాగితం అందించింది. జోగారావు తేదీలు, వేళలు పైకి చదివాడు.

అప్పుడే వచ్చిన వెంకట్రాజు తొంగిచూశాడు. "మెషిను టైము తప్పు చూపిస్తుందేమోనండీ."

"తేదీలు కూడానా అండీ? అది మీ హాజరు కూడా వేస్తుందని మీకు తెలియదు కాబోలు!"

శుభలేఖలవాళ్ళు గొల్లుమన్నారు. జోగారావు గొంతు సవరించుకుని గొణిగాడు. "అమ్మాయి తప్పేం లేదండీ. నేనే తొందరపడ్డాను."

"వినపడలేదండీ," అంది రత్నకుమారి.

మళ్ళీ చెప్పాడు, ఈసారి వీధిలోకి వినపడేలా.

ఆమె కీబోర్డు దగ్గరికి లాక్కుని శుభలేఖలవాళ్ళ వైపు తిరిగింది. "పెళ్ళికూతురి పేరు చెప్పండి."