పైకెత్తిన గోనెపట్టా

మంచుకొండల మీది మా ఆర్మీ పోస్టు చేరేసరికి మధ్యాహ్నం రెండు. చుట్టూ మంచు తప్ప ఏమీ లేదు. ఏడుగురికి ఒకే బంకరు, ఒకే కిరోసిన్ స్టవ్. చలిగాలి రాకుండా ద్వారానికి దళసరి గోనెపట్టా. మా ఊరు డెంకణికోటలో పొలాల్లో పడే ఏనుగుల్ని తరుముతూ పెరిగిన నాకు అక్కడ కాకి కూడా కనబడలేదు.

అందరం దగ్గేవాళ్ళం. అందరం నల్లగా ఉమ్మేవాళ్ళం. స్టవ్ మసి. నా దగ్గు ఎంతకీ తగ్గకపోయినా పొగ వల్లే అనుకున్నాను. రాత్రిళ్ళు చెమటలు పడితే స్లీపింగ్ బ్యాగు గట్టిదని మెచ్చుకున్నాను కూడా. మా రేడియో ఆపరేటరుది ఊత్తంగరై, మా జిల్లాయే. "నీ దగ్గు విని అవతల పోస్టోళ్ళు లేచి కూర్చుంటారప్పా" అని ఏడిపించేవాడు.

ఒక పొద్దున ఉమ్మితే నలుపులో ఎరుపు కనబడింది. నర్సింగ్ అసిస్టెంటు చూసి రేడియో అందుకున్నాడు. కింది క్యాంపు నుంచి డాక్టరు గొంతు: "క్షయ అనుమానం. మాస్కు కట్టండి. మూసిన చోట ఆ క్రిమి గాలిలోనే ఉంటుంది. గాలి ఆడనివ్వండి. వాతావరణం తేటపడ్డాక హెలికాప్టరు."

ఇన్నాళ్ళూ వీళ్ళ పక్కనే పడుకున్నాను. పడక చుట్టుకుని లేచాను.

"యాడికప్పా?" అన్నాడు ఆపరేటరు.

"సామాన్ల గుడారంలోకి. మీకు అంటుకుంటాది."

"ఆడ పొద్దుటికి గడ్డకట్టి పోతావు. ఈడనే ఉండు."

మా పోస్టుకు పెద్ద అయిన హవల్దారు నన్ను ద్వారం పక్కన కూర్చోబెట్టాడు. గోనెపట్టా పైకెత్తి తాడుతో కట్టేశాడు. స్టవ్ తెచ్చి నా కాళ్ళ దగ్గర పెట్టాడు.

మూడో రోజు హెలికాప్టరు వచ్చింది. ఆసుపత్రిలో క్షయేనని తేలింది. మందులు మొదలయ్యాయి. నా భయం మాత్రం ఆ ఆరుగురి గురించే. కొన్ని వారాలకు ఆపరేటరు ఫోను చేశాడు.

"అందరికీ ఎక్స్‌రే తీసినారప్పా. ఎవరికీ ఏమీ లేదు. నువ్వు మందు మానద్దు."

వరండాలో నిలబడి ఏడ్చేశాను. అంత హాయి మళ్ళీ ఎరగను.

మందుల కోర్సు పూర్తయి, కఫంలో క్రిమి లేదని తేలాక ఇంటికి వచ్చాను. హోసూరులో బస్సు మారి డెంకణికోటలో దిగాను. నేను లేనప్పుడు పుట్టిన కూతురు మా అమ్మ చంకలో ఉంది. గడప దగ్గరే ఆగిపోయాను.

"డాక్టరు బాగయిందన్నాడు కదా. ఎత్తుకోప్పా" అంది అమ్మ.

ఎత్తుకున్నాను. ముందు కిటికీ తెరిచాకే.

ఉద్యోగం వదిలి ఊళ్ళోనే ఉంటున్నా ఆ అలవాటు పోలేదు. కిటికీ తెరిచిన ప్రతిసారీ బంకరులోని ఆ ఆరుగురే కనబడతారు. మీసాల మీద మంచు, చలికి టకటకలాడే పళ్ళు, ఎదురుగా ఎత్తి కట్టిన గోనెపట్టా. దింపుదామని ఒక్కరూ అనలేదు.