పెంటయ్యకు లాటిన్ పేరు

2023 చలికాలం. కువైట్‌లోని సాల్మియాలో సముద్రానికి రెండు వీధుల ఇవతల ఉన్న ఒక ప్రైవేటు ఆసుపత్రిలో, నెలలు నిండకుండా పుట్టిన పిల్లలను ఉంచే గదిలో నేను సీనియర్ నర్సుని. ఆ గదిని మేము ఎన్‌ఐసీయూ అంటాం. మాది కడప. తెలుగువాళ్ళు ఎవరొచ్చినా "కడప సిస్టర్ ఉందా?" అని అడుగుతారు. ఇన్నేళ్ళ ఉద్యోగంలో నాకు కోపం తెప్పించినవాళ్ళు చాలామందే ఉన్నారు. డ్యూటీ దిగి బస్సెక్కగానే వాళ్ళను మరిచిపోయాను. ఒక్క పేరు దగ్గర వచ్చిన కోపం మాత్రం ఇప్పటికీ దిగలేదు.

రజితది జగిత్యాల పక్క పల్లె. భర్త గంగాధర్ సబ్హాన్‌లో ఒక వర్క్‌షాపులో ఫోర్‌మన్. ఆమెకు నెలలు నిండకముందే కాన్పయింది. మగపిల్లవాడు. అరచేతిలో పట్టేంత మనిషి. మొదటి గండం గడిచింది, ఆక్సిజన్ కూడా తీసేశాం. ఇక కావలసింది ఒక్కటే, కంగారూ కేర్. అంటే బిడ్డను బట్టల్లేకుండా తల్లి రొమ్ము మీద పడుకోబెట్టి, పైన దుప్పటి కప్పి గంటల తరబడి అలాగే ఉంచడం. తల్లి వేడి, తల్లి గుండె చప్పుడు, పక్కనే పాలు. ఇలాంటి పిల్లలకు దీన్ని మించిన మందు నేను చూడలేదు.

రజిత బిడ్డను ముట్టుకోలేదు. మిషన్‌తో పాలు పిండి సీసా నా చేతికిచ్చేది, ఇంక్యుబేటర్ అద్దానికి జానెడు దూరంలో నిలబడేది. అంతే.

"తీసుకో రజితా, రొమ్ము మీద ఏసుకో. యాడికీ పోడులే" అన్నాను.

"నేను ముట్ట సిస్టరమ్మా. వాడు ఇంకా నావోడు గాలే."

"మరి ఎవురోడు?"

"పేరు వెట్టి కొనుక్కుంటెనే నావోడయితడు. ముందటి ఇద్దర్ని గూడ పుట్టంగనే గుండెలకు అద్దుకున్న. అది సూసింది. తీస్కవోయింది."

'అది' అంటే ఏమిటో ఆమె చెప్పలేదు, నేనూ అడగలేదు. మా పక్క కూడా ఉన్న ఆచారమే. వరసగా పిల్లలు పోయిన ఇంట్లో మళ్ళీ బిడ్డ పుడితే తీసుకెళ్ళి పెంటకుప్ప మీద పడుకోబెడతారు. తల్లి అటు తిరిగి నిలబడుతుంది. పరాయి మనిషెవరో వచ్చి చేటెడు తవుడిచ్చి ఆ బిడ్డను కొని, పెంచుకోమని మళ్ళీ ఆ తల్లికే ఇస్తుంది. బిడ్డకు పెంటయ్య అని పేరు. మా కడప వైపైతే పుల్లయ్య, తిప్పయ్య. ముద్దొచ్చే పేరు పెడితే చావు కన్ను పడుతుంది, కంపుకొట్టే పేరు పెడితే అదే ముక్కు మూసుకుని పోతుంది. ఊరిలో ఉన్న వాళ్ళత్త ఫోన్‌లో అదే చెప్పిందట. రజిత మనసులో కడుపుతో ఉన్నప్పుడే ఆ పేరు ఖాయం అయిపోయింది.

"సరే, పెట్టుకో. అడ్డమెవురు?" అన్నాను.

"మా బావ ఒప్పుకుంటలేడు."

ఆ బావ, అంటే గంగాధర్ అన్న, అదే కంపెనీ ఆఫీసులో అడ్మిన్ మేనేజరు. తమ్ముడికి వీసా తెచ్చింది ఆయనే, ఫోర్‌మన్‌ను చేయించింది ఆయనే. ఆఫీసులో, ఆసుపత్రిలో అందరూ ఆయన్ను బెన్ సార్ అంటారు. ఇస్త్రీ నలగని చొక్కా, అత్తరు వాసన, చేతిలో ఎప్పుడూ ఫోను. ఆ సాయంత్రమే విజిటింగ్ టైములో వచ్చి ఫోను నా ముఖం ముందు పెట్టాడు.

"సిస్టర్, బర్త్ నోటిఫికేషన్‌లో ఆరేలియస్ అని రాయించండి. లాటిన్ పేరు. బంగారం అని అర్థం. కువైట్ మొత్తంలో మన పిల్లల్లో ఎవరికీ ఉండకూడదు."

బర్త్ నోటిఫికేషన్ అంటే పుట్టుక గురించి ఆసుపత్రి ఇచ్చే మొదటి కాయితం. పాస్‌పోర్టూ, ఈ దేశంలో ఉండటానికిచ్చే ఇఖామా, అన్నీ దాని వెనకే వస్తాయి.

"తల్లి వేరే పేరు అనుకుంటాంది కద సార్."

ఆయన నవ్వాడు. ఆ నవ్వు నాకు నచ్చలేదు. "ఆమెకేం తెలుసు? రేపు వీడు ఇంటర్నేషనల్ స్కూల్లో చదవాలి. అటెండెన్స్‌లో టీచర్ పెంట అని పిలవాలా? ఆ పేరు గలవాణ్ణి ఊళ్ళో పందులు కాసేవాడికన్నా హీనంగా చూస్తారు."

"సార్, పేరు తేలేదాక ఆమె బిడ్డను ఎత్తుకోదంట. పిల్లోని బరువు తగ్గుతాంది."

"మీరు నర్సు. ట్రీట్‌మెంట్ సంగతి చూడండి."

"ఇదే ట్రీట్‌మెంటు సార్!"

ఆయన ఫోను చూసుకుంటూ బయటికి వెళ్ళిపోయాడు. కారిడార్‌లో తమ్ముడితో అన్న మాట తలుపు సందులోంచి నాకు వినిపించింది. "గా పేరు వెట్టుకున్నవనుకో, నీ ఇఖామా నువ్వే జేస్కో. నా ఇంటి గడప తొక్కకు." ఇనుము కోసే మనిషి గంగాధర్, అన్న ముందు తలవంచుకుని నిలబడ్డాడు.

"ఒక పని జేద్దాం" అన్నాను రజితతో. "కాయితం మీద ఆయప్ప చెప్పిందే రాయిచ్చి, ఇంట్లో నీకు నచ్చినట్టు పిల్చుకో."

"కాయితం మీద బంగారం, నోట్లె పెంట అంటె దాన్ని మోసం జేసినట్టే సిస్టరమ్మా. దానితోని ఆటలాడద్దు."

ఆ రాత్రి నాకు సరిగా నిద్ర పట్టలేదు. బిడ్డ అక్కడ ఆరిపోతుంటే ఒకరికి పరువు, ఒకరికి భయం. భయాన్ని నేను అర్థం చేసుకోగలను, ఇద్దర్ని మట్టిలో పెట్టినామె భయం అది. పరువును మాత్రం అర్థం చేసుకోదలచుకోలేదు. మర్నాడు తూకం వేస్తే పిల్లవాడు ఇంకా తగ్గాడు.

మా పెద్ద డాక్టరు లెబనాన్ ఆయన. డాక్టర్ ఎలియాస్ అందాం. రౌండ్స్‌కు వచ్చి చార్టు చూసి నా మీద విరుచుకుపడ్డాడు. "కంగారూ కేర్ ఇంకా మొదలుపెట్టలేదా? నిద్రపోతున్నారా?" నాకూ కోపంగానే ఉంది. అసలు సంగతంతా ఇంగ్లీషులో ఆయన ముందు కుమ్మరించాను. పెంట అంటే ఏమిటో కూడా దాచకుండా చెప్పాను. నవ్వుతాడనుకున్నాను. నవ్వితే ఏమనాలో కూడా సిద్ధం చేసుకున్నాను.

ఆయన కళ్ళజోడు తీశాడు. "స్టెర్కోరియస్" అన్నాడు.

మందు పేరేమో అనుకున్నాను. కాదట. అదీ పేరేనట, మగపిల్లలకు పెట్టే పాత లాటిన్ పేరు. లాటిన్‌లో స్టెర్కుస్ అంటే పెంట, పేడ. కొండల్లో ఫాదర్ల బడిలో చదివేటప్పుడు ఆయన ఆ పేరు మొదటిసారి విన్నాడట. రోము కాలంనాటి క్రైస్తవుల సమాధి రాళ్ళ మీద ఉందట. పుట్టిన బిడ్డను వద్దనుకున్నవాళ్ళు చెత్తకుప్ప దగ్గర వదిలేసి పోతే, ఎవరో తెచ్చి పెంచుకున్న పిల్లల పేరని కొందరంటారు. దేవుడి ముందు తమను తాము తక్కువ చేసుకోవడానికి పెట్టుకున్నారని ఇంకొందరు. చెడు దృష్టి తగలకుండా అని మరికొందరు. ఏది నిజమో ఎవరూ గట్టిగా చెప్పలేరట.

"మేం బడిలో పగలబడి నవ్వాం. ఫాదర్ మమ్మల్ని బెంచీ ఎక్కించాడు" అన్నాడు డాక్టరు. "ఒక్కటి మాత్రం ఆలోచించు సిస్టర్. ఆ పేరున్న మనిషి పెద్దవాడయ్యాడు, పేరు మార్చుకోలేదు. చనిపోయాక అతని వాళ్ళు అదే పేరు రాతి మీద చెక్కించారు. సిగ్గుపడేవాళ్ళు రాతి మీద చెక్కిస్తారా?"

నేను వెంటనే రజితకు తెలుగులో చెప్పాను. గంగాధర్ కూడా వింటున్నాడు. అప్పటికే బెన్ సార్ వచ్చి తలుపు దగ్గర నిలబడి ఉన్నాడు. ఆయనా విన్నాడు. ముఖం విప్పారింది.

"అదీ లాటినేనా డాక్టర్? స్టెర్కోరియస్. వినడానికి రాజసంగా ఉంది. చాలా రేర్ కూడా. సిస్టర్, ఆరేలియస్ కొట్టేయండి, ఇదే రాయించండి. అర్థం అదే కదా, రజితకూ సంతోషం, ఊళ్ళో మా అమ్మకూ సంతోషం. ఖలాస్!"

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. అదే పెంట. నిన్న మన ఊరి నోటినుంచి వస్తే గడప తొక్కకు అన్నాడు, ఇవాళ రోము నుంచి వచ్చేసరికి రాజసమైపోయింది. మన అమ్మలు కడుపుకోతతో పెట్టుకున్న పేరు మొరటుతనం, వాళ్ళమ్మలు పెట్టుకుంటే వారసత్వం! ఉద్యోగం గుర్తు రాలేదు, ఎదురుగా డాక్టరున్నాడనీ గుర్తు రాలేదు.

"రోము నుంచి వస్తే వాసన రాదా సార్?" అని అరిచాను. "ఎవురికీ అర్థం గాకపోతే చాలు, పెంటైనా నెత్తిన పెట్టుకుంటారా? పిల్లోడు ఈడ కరిగిపోతాంటే మీకు రేర్ పేర్లు గావల్లనా?"

"మైండ్ యువర్ టంగ్ సిస్టర్" అన్నాడాయన.

అప్పుడు రజిత మాట్లాడింది. బావ ముందు ఎప్పుడూ కొంగు సర్దుకుని పక్కకు జరిగే మనిషి. ఆరోజు జరగలేదు.

"బావా, చావుకు లాటిన్ అత్తదా?"

ఆయన అర్థం కానట్టు చూశాడు.

"జగిత్యాల కెళ్ళి ఇక్కడిదాంక నా ఎంబడి వడి అచ్చింది. దానికి మన మాటనే ఎర్క. పెంటయ్య అంటెనే ముక్కు మూసుకుంటది. నువ్వు జెప్పిన పేరుతోని పిలిస్తె ఎవలో దొరబిడ్డ అనుకోని ఎత్తుకపోతది." ఊపిరి తీసుకుంది. "నీ కంటె ముందుగాల అత్తమ్మకు ముగ్గురు పోయిండ్రట గద. నువ్వెట్ల బతికినవ్ బావా? నీ పేరేంది?"

బెన్ సార్ చూపు ఫోనులోకి పోయింది. గంగాధర్ నేల చూపులు చూశాడు.

"నువ్వు జెప్పకుంటె నేను జెప్త. పెంటయ్య. గా పేరుతోనే నువ్వు బతికినవ్. నా కొడుకుకు గది ఇయ్యనంటవా?"

బెన్ అనే పేరు ఎక్కడినుంచి వచ్చిందో అప్పుడు తెలిసింది. అరబ్బీలో 'ప' పలకదు కాబట్టి ఆఫీసువాళ్ళు బెంటయ్య అన్నారు. ఆయన దాన్ని ఇంకాస్త కత్తిరించి బెన్ చేసుకున్నాడు. ఇన్నేళ్ళూ ఆ ముక్క వెనకాల దాక్కున్నాడు. బడిలో ఆ పేరు పెట్టి ఎంత ఏడిపించి ఉంటారో నేను ఊహించగలను. జాలి కూడా వేసింది. కానీ జాలి వేసినంత మాత్రాన కోపం తగ్గాలని లేదు, నాకు తగ్గలేదు.

ఆయన వెనుదిరిగి వెళ్ళిపోయాడు. తలుపు మూసుకున్నాక గంగాధర్ గొంతు లేచింది. "సిస్టర్, పెంటయ్య అనే రాయిండ్రి. ఇఖామా సంగతి దేవుడు జూసుకుంటడు."

కొనేది పరాయి మనిషై ఉండాలి, తవుడు ఆమె సొంతమై ఉండాలి. జగిత్యాలకు కడపను మించిన పరాయి ఎవరు? టీ టైములో ఎదురుగా ఉన్న జమియాకు, అదే కోఆపరేటివ్ సూపర్‌మార్కెట్టుకు, పరుగెత్తాను. గోధుమ తవుణ్ణి ఇక్కడ నుఖాలా అంటారు. మధుమేహం ఉన్నవాళ్ళు రొట్టెల్లోకి కొనుక్కుంటారు. ఆ అరలోంచి ఒక పొట్లం తెచ్చాను.

పెంటకుప్ప ఎక్కడ దొరుకుతుంది? మా వార్డులో చెత్త వేయడానికి ఒక్కో రంగుకు ఒక్కో డబ్బా, అన్నింటికీ మూతలే. డాక్టర్ ఎలియాస్ కాసేపు ఆలోచించి, "డబ్బా మూసే ఉండాలి. బిడ్డ కింద స్టెరైల్ షీటు ఉండాలి. మిగతాది మీ ఇష్టం. యల్లా, కానివ్వండి" అని తనే గడియారం చూసుకుంటూ నిలబడ్డాడు. చెత్తడబ్బా పక్కన నేల తుడిపించి, కొత్త పరుపు మీద షీటు వేసి, పిల్లవాణ్ణి టోపీతో సహా పడుకోబెట్టాను. కాలికి మానిటర్ వైరు అలాగే ఉంది. రజిత గోడవైపు తిరిగి నిలబడింది.

"గీ పెంటను ఎవలన్న కొంటరా?" అన్నాడు గంగాధర్.

"నేను కొంటా" అన్నాను. తవుడు అతని దోసిట్లో పోసి బిడ్డను తీసుకున్నాను. "నాకు డ్యూటీలతోనే సరిపోతాంది. నువ్వే పెంచుకోమ్మా" అని రజిత వీపును తట్టాను.

ఆమె తిరిగింది. కుర్చీలో కూర్చుని గౌను ముడి విప్పింది. బిడ్డను రొమ్ము మీద పెట్టి దుప్పటి కప్పాను. "ఓరి పెంటోడా, నల్లమొకపోడా, నిన్నెవడు రమ్మన్నడురా" అని నోటికొచ్చినట్టు తిట్టింది. తిడుతూనే ఏడ్చింది. మానిటర్ మీద గుండె అంకె నిదానంగా కుదురుకుంది.

రెండు రోజుల్లో బరువు తగ్గడం ఆగింది, ఆ తర్వాత పెరగడం మొదలైంది. ఎందుకు పెరిగిందంటే నర్సుగా నా దగ్గర ఒక జవాబు ఉంది, రజిత దగ్గర ఇంకో జవాబు ఉంది. మేమిద్దరం దాని మీద వాదించుకోలేదు.

ఈ కేసు నాకు నేర్పింది చిన్నదే. మా వార్డులో ఇప్పుడు ప్రతి తండ్రీ ఫోనులో అరుదైన పేర్లు వెతుకుతాడు. వెతుక్కోనీ, తప్పులేదు. కానీ ఎవరైనా ఒక పేరు విని నవ్వితే నేను ఊరుకోను. పేరుకు అర్థం అడిగే ముందు ఆ ఇంట్లో అంతకుముందు ఎవరు పోయారో అడగమంటాను. ఒక్కోసారి మర్యాదగానే చెబుతాను.

డిశ్చార్జి రోజు వాళ్ళను ఇంటికి తీసుకెళ్ళడానికి బెన్ సారే కారు తెచ్చాడు. తమ్ముడి ఇఖామా సంగతి ఎవరూ ఎత్తలేదు. రజిత బిడ్డతో ముందు నడిచింది, గంగాధర్ సంచులు మోశాడు. లిఫ్టు దగ్గర బెన్ సార్ వెనకబడి, చుట్టూ చూసి, గొంతు తగ్గించి అడిగాడు.

"సిస్టర్, ఆ పేరుతో వీడు నిజంగా పెద్దోడయితడా? నలుగుట్ల తలెత్తుకోని తిరుగుతడా?"

మొదటిసారి ఆయన నాతో ఊరి మాటలో మాట్లాడాడు. మెత్తగా చెప్పి ఉండాల్సింది. నాకు చేతకాలేదు.

"నువ్వు కాలేదా పెంటయ్యా?" అన్నాను.