మతిమరుపు సిస్టర్

ఇవాళ వార్డులో నారింజ సిరప్ మూత తీయగానే నా ఏడేళ్లప్పటి టైఫాయిడ్ గుర్తొచ్చి నవ్వొచ్చింది.

సికింద్రాబాద్ ఆసుపత్రిలో మందు తెచ్చిన ప్రతిసారీ సరోజ సిస్టర్ "నీ పేరేంది బిడ్డా?" అని అడిగేది. పొద్దున చెప్పింది మధ్యాహ్నానికి మరిచిపోయేది. ఇంత మతిమరుపుతో పాపం, అల్వాల్‌లో తన ఇల్లెలా కనుక్కుంటుందోనని నాకు బెంగ. ఒకరోజు అరచేతిలో నా పేరు పెద్దగా రాసుకుని, ఆమె అడిగేలోపే చూపించాను.

సిస్టర్ పడీపడీ నవ్వింది. కేస్ షీటు చూసుకుని, "మంచిగ రాసినవ్. జెర నోటితోని సుత చెప్పు" అంది. చెప్పాకే మందు పోసింది. మింగేదాకా కదల్లేదు.

ఒకరి మందు ఇంకొకరికి పడకూడదనే అలా అడిగేదని ఈ యూనిఫాం వేసుకున్నాకే తెలిసింది.

సిరప్ పట్టుకెళ్లి పేరడగగానే మూడో బెడ్ పాప నన్ను చూసి తల కొట్టుకుంది. "సిస్టర్, మళ్ల మర్చిపోయినవా?"

"అవు బిడ్డా, మర్చిపోయిన. చెప్పు."