దీపం దించని పాతర

మొన్న ఆదివారం ఆరాధన నుంచి వచ్చి వంటింట్లో కింది అర తలుపు తీసేసరికి గుప్పున పులిసిన వాసన కొట్టింది. కోడలు ఎప్పుడో తెప్పించి మరిచిపోయిన చిలగడదుంపలు, ప్లాస్టిక్ సంచిలో మూతి బిగించి ఉన్నవి, చెమటపట్టి కుళ్లిపోయాయి. ఆ అమ్మాయి ముక్కు మూసుకుని నవ్వుతుంటే నేను కిటికీలన్నీ తెరిచి, మనవరాలిని బయటికి పొమ్మని కేకేశాను. గుంటూరులో మేడమీద ఫ్లాటులో నాలుగు కుళ్లు దుంపలకి ఇంత హడావుడేమిటని వాళ్లు అనుకునే ఉంటారు. మీలో ఎవరైనా పొదిలి వైపు మెట్టపల్లెల్లో పుట్టి, ఇంట్లో పాతర ఎరిగినవారుంటే మాత్రం నవ్వరు.

పాతరంటే మరేమీ కాదు, గరుసు నేలలో నిలువెత్తు కంటే లోతుగా తవ్విన గొయ్యి. పైన మూతి ఒక మనిషి పట్టేంత, లోపల కడుపు చిన్న గదంత. మా ముత్తాతల నాడు జొన్నలు పోసేవారట. నేను ఎరిగేసరికి, అంటే ఎనభైల మొదట్లో, జొన్నలు పోయి చుట్టూ పత్తీ మిరపా వచ్చేశాయి గానీ, బావి పక్కన ఎర్రచెక్కలో, అంటే ఒక ఎర్రనేల ముక్కలో మాత్రం నాయనమ్మ పట్టుబట్టి చిలగడదుంప తీగ నాటించేది. ఆ దుంపలు అమ్మడానికి కాదు. గుడ్ ఫ్రైడే నాడు మధ్యాహ్నపు ఆరాధన ముగిశాక ఉపవాసమున్న సంఘమంతటికీ మా ఇంటి నుంచే ఉడికిన దుంపలూ బెల్లమూ వెళ్లేవి. అది ఆమె మొక్కుబడో గర్వమో, రెండూనో, ఈనాటికీ నాకు తేలలేదు.

తీగ కోసి పశువులకు వేశాక గునపాలతో బోదెలు పెకలించేవారు. గునపం తగిలిన దుంప ఆ పూటకే, గాయం లేనిదే పాతరకి. అవి నీడన ఆరి, తొక్క బిగిసిన తరువాత అడుగున పొడి ఇసుక, పైన వేపాకు, వరసకో వరస సర్ది, మూతికి బండ వేసి పేడమట్టితో మెత్తి, మధ్యలో ఒక వెదురు గొట్టం నిలబెట్టేవారు. దానిని ఊపిరి గొట్టం అనేవారు. దుంపలు ఊపిరి తీస్తాయా అని మేము వెక్కిరిస్తే నాయనమ్మ కసిరేది.

ఒక ఏడు సరిగ్గా దుంప తవ్వే రోజుల్లో అకాలపు ముసురు పట్టింది. కల్లంలో మిరపకాయలు ఆరబోసి ఉన్నాయి. ఇంటిల్లిపాదీ వాటి మీద పట్టాలు కప్పడానికే పరుగెత్తాము. దుంపల సంగతి ఎవరికి పట్టింది? తడి తడిగానే, దెబ్బతిన్నవాటిని ఏరకుండానే, పాతరలోకి దించేశారు. గొట్టంలోకి వాన పోతోందని బాబాయి దానిలో గోనెగుడ్డ కుక్కాడు. వాన వెలిశాక మిరపకాయలకు నల్లమచ్చ వస్తుందేమోనన్న బెంగలో ఆ గుడ్డ తీయాలన్న మాట అందరం మరిచాము.

ఆ తరువాత పాతర దగ్గర ఏదో తేడాగా ఉండేది. బండ అంచున మట్టి తడి ఆరేది కాదు. ఎప్పుడూ అక్కడే పడుకునే మా కుక్క చోటు మార్చుకుంది. సాయంత్రాలు ఆ పక్కగా పోతుంటే కల్లు వాసన లాంటిదేదో తగిలేది. అమ్మతో చెబితే, ఎవరో తాగి అటుగా పోయి ఉంటారులే అంది.

మామూలుగా పాతర గుడ్ ఫ్రైడే ముందటి గురువారం తెరిచేవారు. ముందుగా బుట్టలో బుడ్డి దీపం పెట్టి తాడుతో దించాలి. దీపం నిలిస్తేనే లోపల ఊపిరాడే గాలి ఉన్నట్టు, అప్పుడే మనిషి దిగాలి. మా వైపు చంటిపిల్లలకీ తెలిసిన సంగతి అది. కానీ ఆ గురువారం నాన్నా బాబాయీ మిరపకాయలతో గుంటూరు యార్డులో చిక్కుపడి, శుక్రవారం పొద్దున్న బస్సు దిగారు. శుక్రవారం ఆరాధన ముగిసేదాకా మా ఇంట్లో పొయ్యి కాదు గదా, అగ్గిపుల్ల కూడా గీయకూడదన్నది నాయనమ్మ పెట్టిన కట్టడి. దుంపలేమో ముందే కడిగి కాగుల్లో సర్ది ఉంచాలి. నాన్న బండ జరపగానే ఆ వాసన ముఖాన కొట్టింది. కాసేపు లోపలికి గాలి ఆడనిద్దామన్నాడు. బాబాయి, "అమ్మా, ఒక్క అగ్గిపుల్ల గీసుకోనీవే" అని అడిగాడు.

"ఇయ్యాళ నిప్పు ముట్టనియ్యను. పాట పాడుకుంటా దిగరా, మేం వింటానే ఉంటాం" అంది నాయనమ్మ.

బాబాయి గుడిలో పాటలకు ముందుండేవాడు. ఆయన గొంతంటే ఆమెకి ప్రాణం. నవ్వి, నిచ్చెన మీద కాలు పెట్టి, సిలువ పాట ఎత్తుకున్నాడు. తల మూతి దిగింది. గొంతు గుండ్రంగా, లోతుగా వినిపించింది. రెండో చరణం సగంలో ఆగిపోయింది.

ఏదో బరువుగా పడ్డ చప్పుడు. నాన్న తమ్ముణ్ణి పేరుపెట్టి అరుస్తూ నిచ్చెన మీదికి ఉరికాడు. నాయనమ్మ నేల మీద పడి ఆయన రెండు కాళ్లూ వాటేసుకుంది. నాన్న విదిలించాడు, తిట్టాడు, ఏడ్చాడు. ఆమె వదలలేదు. "నువ్వు దిగమాకరా, నాకు నువ్వన్నా ఉండాల" అని అదే మాట. నేనూ అమ్మా కొయ్యబారి నిలుచున్నాము.

గుడికి బయలుదేరినవాళ్లు పరుగెత్తుకొచ్చి నీళ్లు కుమ్మరించారు, తడిగోనెలు తాళ్లకు కట్టి లోపల గాలి ఆడేలా విసిరారు. అప్పుడు నాయనమ్మే, నాన్న కాళ్లు వదలకుండానే, "దీపం తెండి" అంది. దించిన దీపం సగం దూరంలోనే, ఎవరో చేత్తో నొక్కేసినట్టు ఆరిపోయింది. మళ్లీ విసిరారు, మళ్లీ దించారు. దీపం నిలిచేసరికి బాబాయి మాకు దక్కలేదు.

పాతరను రాళ్లతో పూడ్చేశారు. ఎర్రచెక్కలోనూ పత్తి వేశారు. ఆ మరుసటి ఏటి నుంచి గుడ్ ఫ్రైడే నాడు తెల్లవారగానే నాయనమ్మ దీపం వెలిగించి వసారాలో పెట్టేది. నాన్న మాత్రం ఆ పొద్దున ఇంట్లో ఉండేవాడు కాదు. మా అమ్మ పట్టుకోకపోతే తమ్ముణ్ణి తెచ్చుకునేవాణ్ణని ఆమె పోయిన తరువాత కూడా అంటూండేవాడు.

ఇప్పుడు దుంపలు ఏడాది పొడుగునా బజారులో దొరుకుతాయి, నేలలో దాచే పనే లేదు. భూమి లోపలి గాలికి జడిసే మనుషులూ లేరు. మా పల్లెలో పాతర ఎక్కడ ఉండేదో నేనే సరిగా గుర్తుపట్టలేకపోయాను. కానీ ఇంకొకటి గుర్తుంది. నాన్న మంచాన పడ్డాక కాళ్లు నొక్కుతుంటే, చీలమండ పైన నాయనమ్మ గోళ్లు దిగిన మచ్చలు నా వేళ్లకు తగిలేవి. తగలగానే ఆయన కాలు వెనక్కి లాక్కునేవాడు. చివరి రోజుల్లో ఒకసారి లాక్కోలేదు. నా చెయ్యి అక్కడే ఉండనిచ్చి, "గట్టిగానే పట్టుకుందే మా అమ్మ" అన్నాడు.